కిమ్ నోవాక్: ఒప్పుకోని పేరు, ఒప్పించిన నటన

1986లో అమెరికన్ టీవీ సీరియల్ 'ఫాల్కన్ క్రెస్ట్'లో పాత హాలీవుడ్ తార కిమ్ నోవాక్ వేసిన పాత్ర వేరొకరి పేరుతో తిరుగుతూ ఉంటుంది. స్కైలార్ అని చెప్పుకుంటూ ఒక డబ్బున్న కుటుంబంలోకి వచ్చిన ఆ మనిషి అసలు పేరు కిట్ మార్లో. మామూలు ప్రేక్షకుడికి అది సీరియల్‌లో ఒక మలుపు, అంతే. పాత హాలీవుడ్ సంగతులు తెలిసినవాళ్లు మాత్రం ఆ పేరు దగ్గర ఆగిపోతారు. ముప్ఫై రెండేళ్ల కిందట కొలంబియా స్టూడియో ఈ నటికి పెట్టాలని చూసిన పేరు అదే. అప్పుడు ఆమె ససేమిరా అంది.

నోవాక్ గురించి రాసే చాలామంది ఆమె కథను రెండు ముక్కల్లో తేల్చేస్తారు. స్టూడియో తయారుచేసిన అందగత్తె, 'వెర్టిగో' అనే ఒక్క గొప్ప సినిమా పడింది, ఆ తర్వాత తెరమరుగైపోయింది. సినిమాలను వరుసగా చూసుకుంటూ వస్తే ఈ లెక్క కుదరదు. ఇతరులు తనను ఎలా మలచాలనుకుంటున్నారో తెలిసి, దానికి సగం లొంగి, సగం ఎదురు నిలబడిన మనిషి ఆమె ప్రతి మంచి పాత్రలోనూ కనిపిస్తుంది. ఆనాటి విమర్శకులు ఆమెలో బిగుసుకుపోవడం అని తప్పుపట్టిన గుణం ఈ ఎదురు నిలబడటమే. ఆమె నటనకు బలం కూడా అక్కడినుంచే వచ్చింది.

అసలు పేరు మార్లిన్ పౌలిన్ నోవాక్. 1933 ఫిబ్రవరి 13న షికాగోలో, చెక్ మూలాలున్న కుటుంబంలో పుట్టింది. తండ్రి రైల్వేలో పనిచేసేవాడు. బొమ్మలు బాగా వేస్తుందని ఆర్ట్ ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ షికాగో స్కూల్లో స్కాలర్‌షిప్ వచ్చింది. సినిమాల్లోకి రావాలని కలలు కన్న అమ్మాయి కాదు. రిఫ్రిజిరేటర్ల ప్రచారం కోసం మోడల్‌గా ఊళ్లు తిరుగుతూ కాలిఫోర్నియా చేరి, 1954లో ఒక సినిమాలో పేరు కూడా పడని చిన్న వేషం వేసింది. అక్కడ ఎవరో చూశారు, కొలంబియాకు తీసుకెళ్లారు, కాంట్రాక్టు అయింది.

ఆ కాంట్రాక్టు అంటే ఏమిటో కొంచెం వివరంగా చెప్పుకోవాలి. అది తెలియకపోతే మిగతా కథ అర్థం కాదు. ఆనాటి స్టూడియోలు నటీనటులను ఏడేళ్ల ఒప్పందం మీద తీసుకునేవి. సినిమా చేసినా చేయకపోయినా వారం వారం జీతం వస్తుంది. బదులుగా ఏ సినిమా చేయాలి, జుట్టు ఏ రంగులో ఉండాలి, పత్రికలవాళ్లతో ఏం మాట్లాడాలి, ఎవరితో బయట కనిపించాలి, అన్నీ స్టూడియో చెప్పినట్టే. ఇచ్చిన పాత్ర వద్దంటే సస్పెండ్ చేసి జీతం ఆపేస్తారు. ఆ ఆపిన కాలాన్ని ఒప్పందం చివర్లో కలిపే అలవాటుకు కోర్టు 1944లో అడ్డుకట్ట వేసింది గానీ, మిగతా పట్టు అలాగే ఉంది. ఇంకో స్టూడియోకు ఆ నటి కావాలంటే అద్దెకిచ్చినట్టు ఇస్తారు. వచ్చిన డబ్బు స్టూడియోది, నటికి మామూలు జీతమే.

కొలంబియా అధిపతి హారీ కోన్ నోటి దురుసుకూ పెత్తనానికీ పేరుమోసినవాడు. ఆ సంస్థకు అప్పటిదాకా పెద్ద తార రీటా హేవర్త్. ఆమెతో కోన్‌కు పొసగడం మానేసింది. ఆమె జాగాలోకి ఇంకొకరు కావాలి. నోవాక్ ఆ ఖాళీ నింపడానికి తీసుకున్న మనిషి. 1957లో వచ్చిన 'పాల్ జోయ్'లో రీటా హేవర్త్‌నూ నోవాక్‌నూ ఫ్రాంక్ సినాత్రాకు చెరోపక్క నిలబెట్టారు. పాత తార, కొత్త తార ఒకే ఫ్రేములో ఉండటం ఆ సినిమాలో పాటలకంటే ఎక్కువ ఆసక్తి కలిగిస్తుంది.

పేరు విషయానికొస్తే, మార్లిన్ అనే పేరు ఉంచుకోవడానికి వీల్లేదు. అప్పటికే మార్లిన్ మన్రో ఉంది. నోవాక్ అనే ఇంటిపేరు మరీ వలస కుటుంబంలా వినిపిస్తుందని కోన్‌కు నచ్చలేదు. అందుకే కిట్ మార్లో అన్నారు. ఇరవై ఒక్కేళ్ల అమ్మాయి, ఇంకా ఒక్క పెద్ద సినిమా కూడా విడుదల కాలేదు, ఎదురుగా ఉన్నది హారీ కోన్. అయినా ఇంటిపేరు వదలనంది. చివరికి మధ్యేమార్గంగా కిమ్ నోవాక్ అయింది. జుట్టు రంగు వాళ్లు మార్చారు, బరువు తగ్గించారు, దుస్తులు నిర్ణయించారు. ఇంటిపేరు మాత్రం ఆమెకే మిగిలింది. తెర వెనక జరిగిన ఈ చిన్న బేరం ఆమె కెరీర్ మొత్తానికీ నమూనాలా కనిపిస్తుంది.

తొలి పెద్ద విజయం జాషువా లోగన్ తీసిన 'పిక్నిక్'. 1955 చివర్లో వచ్చింది. కాన్సాస్ రాష్ట్రంలో ఒక చిన్న పట్టణం. అక్కడ అందరికంటే అందమైన అమ్మాయి మ్యాడ్జ్. అందంగా ఉన్నావని వినీ వినీ విసిగిపోయిన మనిషి. ఇందులో విలియం హోల్డెన్‌తో చేసే డాన్స్ చూడాలి. రాత్రి, కాగితం లాంతర్లు, 'మూన్‌గ్లో' బాణీ. నోవాక్ మెట్లు దిగుతూ, చేతులు మెల్లగా తాళానికి కలిపి కొడుతూ వస్తుంది. నవ్వదు. కళ్లతో పిలవదు. నడుం దగ్గర కొంచెం కదలిక, భుజాల్లో కొంచెం ఊగడం, అంతే. అదే చోట ఇంకెవరున్నా ప్రేక్షకుణ్ని ఆకట్టుకోవాలని తాపత్రయపడేవాళ్లు. ఈమె మాత్రం తనలో తాను ఏదో తేల్చుకుంటున్నట్టు దిగుతుంది. ఆ పాత్ర జీవితంలో మొదటిసారి, ఎవరో చూస్తున్నారని కాక తనకే కావాలనిపించి ఒక పని చేస్తోందని మాటల్లేకుండా తెలిసిపోతుంది. చెక్కబొమ్మలా ఉందన్న వాళ్లు ఈ రెండు మూడు నిమిషాలు ఎలా చూశారో అర్థం కాదు.

అదే ఏడాది ఒట్టో ప్రెమింజర్ సినిమా 'ది మ్యాన్ విత్ ది గోల్డెన్ ఆర్మ్'లో మత్తుమందుకు బానిసైన సినాత్రాను గదిలో పెట్టి తాళం వేసి కాపలా కాసే స్నేహితురాలిగా చేసింది. కొద్దిపాటి పాత్రే గానీ సినిమాలో ఊపిరి పీల్చుకునే చోటు అదొక్కటే. ఆ తర్వాత 'ది ఎడ్డీ డ్యుచిన్ స్టోరీ', 'జీన్ ఈగెల్స్' వచ్చాయి. రెండోదానికి పెద్ద ప్రచారం చేశారు, ఫలితం అంతగా లేదు. 1957 జూలైలో టైమ్ పత్రిక ముఖచిత్రం మీద ఆమె బొమ్మ వచ్చింది. హాలీవుడ్‌లో అప్పుడు ఆమెను మించిన గిరాకీ ఉన్న నటీమణులు కొద్దిమందే.

ఆ గిరాకీ వల్లే 'వెర్టిగో' ఆమె దగ్గరికి వచ్చింది. ఆ సినిమా దర్శకుడు ఆల్ఫ్రెడ్ హిచ్‌కాక్ ఆ పాత్రను వెరా మైల్స్ అనే నటి కోసం సిద్ధం చేసుకున్నాడు. ఆమె గర్భవతి కావడంతో కుదరలేదు. పారమౌంట్ సంస్థ కొలంబియాను అడిగింది. మార్పిడి ఒప్పందం కుదిరింది. నోవాక్ ఇక్కడ చేస్తుంది, 'వెర్టిగో' హీరో జేమ్స్ స్టీవార్ట్ వెళ్లి కొలంబియాకు ఆమెతోనే ఒక సినిమా చేస్తాడు. ఆ రెండోది 'బెల్, బుక్ అండ్ క్యాండిల్'. అప్పట్లో బయటికొచ్చిన లెక్కల ప్రకారం నోవాక్‌ను ఇచ్చినందుకు కొలంబియాకు 2,50,000 డాలర్లు ముట్టాయి. ఆమె జీతం వారానికి 1,250 డాలర్లు. ఆమె పని ఆపేసింది. జీతం పెంచేదాకా రానంది. సెట్టు సిద్ధమై, హిచ్‌కాక్ అంతటివాడు ఎదురుచూస్తుంటే ఆ పట్టు పట్టడం చిన్న సంగతి కాదు. జీతం పెరిగింది. 1957 శరదృతువులో షూటింగ్ మొదలైంది.

ఇక బూడిదరంగు సూటు. కాస్ట్యూమ్ డిజైనర్ ఈడిత్ హెడ్‌తో నోవాక్ ముందే చెప్పింది, ఏ రంగైనా సరే బూడిదరంగు తప్ప, పైగా ఆ నల్ల బూట్లు తనకు నప్పవని. హిచ్‌కాక్ కదల్లేదు. ఆయనకు ఆ రంగే కావాలి, శాన్ ఫ్రాన్సిస్కో మంచులోంచి నడిచొచ్చినట్టుండాలి. ఆమె వేసుకుంది. తర్వాత చాలా ఇంటర్వ్యూల్లో ఆమె చెప్పినదాన్నిబట్టి, ఆ సూటు ఒంటిమీద ఉన్నంతసేపూ ఉండే బిగువును సినిమా మొదటి సగంలో తను కనిపించే మ్యాడలిన్ పాత్రకు వాడుకుంది. నిటారుగా, ఊపిరి బిగబట్టినట్టు, తనది కాని ఒంట్లో ఉన్నట్టు నడిచింది. రెండో సగంలో జూడీగా మారాక ఆ బిగువంతా వదిలేసి భుజాలు జారవిడిచింది. హిచ్‌కాక్ మాత్రం ఆమె ముందే సొంత అభిప్రాయాలు పెట్టుకుని వచ్చిందని తర్వాత ఫిర్యాదులాగా చెప్పుకున్నాడు. ఆ సొంత అభిప్రాయాలు లేకపోతే సినిమా రెండో సగం నిలబడేది కాదు.

ఎందుకంటే ఆ సినిమా కథా, స్టూడియోలో ఆమె ఉద్యోగమూ ఒకటే. ఒక మగవాడు చనిపోయిందనుకున్న స్త్రీని మరచిపోలేక, వీధిలో కనిపించిన జూడీ అనే షాపు ఉద్యోగినిని పట్టుకుని, అదే సూటు కొని, అవే బూట్లు తొడిగించి, జుట్టు రంగు మార్పించి ఆ చనిపోయినామెలా తయారుచేస్తాడు. జూడీ సొంతూరు కాన్సాస్‌లోని సలైనా. 'పిక్నిక్'లో మ్యాడ్జ్ ఉండేదీ కాన్సాస్‌లోనే. యాదృచ్ఛికమే అయినా, రెండు పాత్రలూ ఒకే చోటినుంచి బయల్దేరిన అమ్మాయిల్లా అనిపిస్తాయి.

హోటల్ గదిలో ఆ చివరి తయారీ జరిగే సన్నివేశం ఆమె కెరీర్‌లోకెల్లా గొప్పది. సూటు వేసుకుంది, జుట్టు రంగు మారింది, కానీ ముడి వేసుకోలేదు. ఆ ఒక్కటీ మిగుల్చుకుంది. అతను అదీ ఒప్పుకోడు. ఆమె బాత్రూంలోకి వెళ్లి, ముడి చుట్టుకుని, కిటికీ బయటి నియాన్ బోర్డు ఆకుపచ్చ వెలుగులోంచి నడుచుకుంటూ వస్తుంది. చూసేవాళ్లంతా స్టీవార్ట్ ముఖం గురించీ, బెర్నార్డ్ హెర్మన్ సంగీతం గురించీ మాట్లాడతారు. నోవాక్ ముఖం చూస్తే అక్కడ ఒకేసారి రెండు విషయాలున్నాయి: ఇలాగైనా నన్ను ప్రేమిస్తాడేమో అన్న ఆశ, ఇతను చూస్తున్నది నన్ను కాదన్న బాధ. మాట లేదు, కన్నీరు లేదు. అంతకుముందు ఉత్తరం రాసి చించేసే సన్నివేశంలోనే జూడీయే మ్యాడలిన్‌గా నటించిందన్న నిజం ప్రేక్షకుడికి తెలిసిపోయింది కాబట్టి, ఇక సస్పెన్స్ అంతా ఆమె ముఖంమీదే నడవాలి. నడిపించింది. కోన్ ఆఫీసులో, మేకప్ కుర్చీలో నాలుగేళ్లుగా జరుగుతున్న పనే ఇది. దాన్ని లోపలినుంచి ఎరిగిన మనిషి చేయడం వల్ల ఆ సన్నివేశానికి ఆ బరువు వచ్చింది.

1958లో విడుదలైనప్పుడు 'వెర్టిగో'కు పెద్ద మెప్పు దక్కలేదు. 1970ల్లో హక్కులు హిచ్‌కాక్ చేతిలో ఉండి దాదాపు పదేళ్లు ఎక్కడా ప్రదర్శన లేదు. 1983లో మళ్లీ తెరమీదికొచ్చింది. బ్రిటిష్ పత్రిక 'సైట్ అండ్ సౌండ్' పదేళ్లకోసారి విమర్శకులతో జరిపే ఓటింగులో 1982లో మొదటి పదిలోకి ఎక్కి, 2012లో మొదటి స్థానానికి చేరింది. 2022లో రెండో స్థానం. ఈ ఆలస్యం నోవాక్‌ను గట్టిగా దెబ్బతీసింది. ఆమె చేసిన అత్యుత్తమ పనికి విలువ తెలిసేనాటికి ఆమె నటనా జీవితం దాదాపు అయిపోయింది. ఆస్కార్ నామినేషన్ ఒక్కసారి కూడా రాలేదు.

స్టూడియో పెత్తనం సొంత బతుకులోకి ఎంత దూరం వచ్చిందో చెప్పడానికి శామీ డేవిస్ జూనియర్ ఉదంతం చాలు. నల్లజాతి గాయకుడు డేవిస్‌తో ఆమె స్నేహం 1957లో పత్రికలకెక్కింది. అప్పటికి అమెరికాలో చాలా రాష్ట్రాల్లో తెల్లవాళ్లు, నల్లవాళ్లు పెళ్లి చేసుకోవడం చట్టరీత్యా నేరం. దేశమంతటా ఆ నిషేధాన్ని సుప్రీంకోర్టు కొట్టేసింది 1967లో. కోన్ మండిపడ్డాడు. డేవిస్‌కు బెదిరింపులు వచ్చాయని తర్వాత బయటపడింది. 1958 జనవరిలో డేవిస్ హడావుడిగా ఇంకొకరిని పెళ్లి చేసుకున్నాడు, ఆ పెళ్లి నిలవలేదు. ఫిబ్రవరిలో కోన్ గుండెపోటుతో చనిపోయాడు.

కోన్ పోయాక నోవాక్‌కు స్వేచ్ఛ వచ్చింది, అండ పోయింది. రెండూ నిజమే. తనను శాసించినవాడే తన సినిమాలకు డబ్బు పెట్టినవాడు కూడా. 1960లో రిచర్డ్ క్వైన్ దర్శకత్వంలో కర్క్ డగ్లస్‌తో చేసిన 'స్ట్రేంజర్స్ వెన్ వుయ్ మీట్' మంచి సినిమా. సొంత నిర్మాణ సంస్థ పెట్టుకుని 1962లో 'బాయ్స్ నైట్ అవుట్' చేసింది. 1964లో బిల్లీ వైల్డర్ 'కిస్ మీ, స్టుపిడ్'లో వేశ్యగా, ఒక్క రాత్రికి ఇంకొకరి భార్యగా నటించే పాత్ర చేసింది. కాథలిక్ సంస్థ ఆ సినిమాను చూడదగనిదని ప్రకటించింది, థియేటర్లు వెనక్కి తగ్గాయి. ఇప్పుడు చూస్తే ఆ సినిమాలో మనసున్న మనిషి ఆమె పాత్ర ఒక్కటే. ఒక ఇల్లు, ఒక వంటగది, ఒక రాత్రి తనవే అన్నట్టు ఆమె మురిసిపోయే తీరు కామెడీ మధ్యలో కూర్చుని కదిలిస్తుంది.

1968లో రాబర్ట్ ఆల్డ్రిచ్ 'ది లెజెండ్ ఆఫ్ లైలా క్లేర్' తీశాడు. ఒక దర్శకుడు చనిపోయిన తారలా ఒక కొత్త నటిని తయారుచేస్తాడు. మళ్లీ అదే కథ. ఈసారి కొన్ని మాటలకు ఆమె గొంతు తీసేసి వేరే నటి గొంతు పెట్టారు. సినిమా బోల్తాపడింది. ఇక్కడినుంచి ఆమె పాత్రలను చూస్తే ఒక వరస కనిపిస్తుంది. 1973లో టీవీ సినిమా 'ది థర్డ్ గర్ల్ ఫ్రం ది లెఫ్ట్'లో వయసు మీదపడుతున్న కోరస్ డాన్సర్. 1980లో 'ది మిర్రర్ క్రాక్డ్'లో ఎలిజబెత్ టేలర్‌తో పోటీపడే సినీతార. 1986లో దొంగపేరు పెట్టుకున్న కిట్ మార్లో. ఆమెను పిలిచిన ప్రతివాళ్లూ ఆమె పాత ఇమేజ్‌నే ఇంకోరకంగా ఆడించమన్నారు.

టీవీకి రావడాన్ని ఆనాటి పత్రికలు ఒక మెట్టు దిగడంగానే చూశాయి. అది పూర్తిగా న్యాయం కాదు. 1980ల్లో అమెరికన్ టీవీలో రాత్రి సీరియళ్లు పాత తారలకు నిజంగా పని ఇచ్చాయి. నలభై దాటిన నటికి సినిమాల్లో తల్లిపాత్ర కూడా గగనమైన రోజుల్లో, సీరియళ్లలో డబ్బు, అధికారం, కుట్ర అన్నీ ఉన్న స్త్రీ పాత్రలుండేవి. నోవాక్ పంతొమ్మిది ఎపిసోడ్లు చేసి బయటికొచ్చింది. వారం వారం ఒకే పాత్రను సాగదీసే పద్ధతి ఆమెకు నప్పలేదు. ఆమె ముఖం క్లోజప్‌లో ఎక్కువసేపు నిలబడితేనే పలుకుతుంది. సీరియల్ కెమెరాకు అంత తీరిక ఉండదు.

1991లో మైక్ ఫిగ్గిస్ 'లీబెస్ట్రామ్' ఆమె చివరి సినిమా. మంచంపట్టిన తల్లి పాత్ర. పాత్రను ఎలా చేయాలన్న దగ్గర దర్శకుడితో పడలేదు. ఆమె భాగం బాగా తగ్గిపోయింది. ఇక చాలనుకుంది. అప్పటికి యాభై ఎనిమిదేళ్లు.

దీన్ని ఓటమి అని రాసినవాళ్లున్నారు. తేదీలు చూస్తే అలా అనిపించదు. ఆమె హాలీవుడ్‌ను మానసికంగా వదిలేసింది 1966లోనే. ఆ ఏడాది లాస్ ఏంజెలిస్‌లో బురద కొట్టుకొచ్చి ఆమె ఇల్లు పాడైంది. ఆ తర్వాత ఉత్తరాన సముద్రతీరానికి వెళ్లిపోయి, బొమ్మలు వేసుకుంటూ, జంతువులను పెంచుకుంటూ, నచ్చినప్పుడు వచ్చి నటించి వెళ్లింది. 1976లో ఒక పశువైద్యుణ్ని పెళ్లి చేసుకుంది. ఆయన 2020లో చనిపోయేదాకా ఆ కాపురం సాగింది. ఆరెగన్‌లో ఏటి ఒడ్డున ఇల్లు కట్టుకున్నారు. 2000లో ఆ ఇల్లు తగలబడి, రాసుకుంటున్న ఆత్మకథ కాగితాలు కూడా పోయాయి. ఆ పుస్తకం పోవడం సినిమా చరిత్రకు పెద్ద నష్టం. స్టూడియో ఒప్పందం కింద బతికిన అనుభవాన్ని నటి వైపునుంచి చెప్పిన పుస్తకాలు తక్కువ. తనకు బైపోలార్ డిజార్డర్ (మనసు అతి ఉత్సాహానికీ కుంగుబాటుకూ మధ్య ఊగే జబ్బు) ఉందని 2012లో ఆమె టీవీ ఇంటర్వ్యూలో బయటపెట్టింది. స్టూడియో రోజుల్లో ఆమెను మొండి, మూడీ అని ముద్రవేసిన కథనాలన్నీ ఆ మాట విన్నాక మళ్లీ చదవాల్సినవే.

2014 ఆస్కార్ వేదికమీదికి ఎనభై ఒక్కేళ్ల వయసులో వస్తే సోషల్ మీడియాలో ఆమె ముఖం గురించి వెకిలి మాటలు గుప్పించారు. అరవై ఏళ్ల తర్వాత కూడా జనం మాట్లాడింది ముఖం గురించే. ఆమె ఊరుకోలేదు. అది వేధింపేనని బహిరంగంగా రాసింది.

1997లో బెర్లిన్ చిత్రోత్సవం గౌరవ గోల్డెన్ బేర్, 2025లో వెనిస్ చిత్రోత్సవం జీవితసాఫల్య గోల్డెన్ లయన్ ఇచ్చాయి. 2019లో ఒహాయోలోని బట్లర్ ఇన్‌స్టిట్యూట్ ఆమె చిత్రాలతో ప్రదర్శన పెట్టింది. ఈ గౌరవాలన్నీ సబబే. చిక్కల్లా ఏమిటంటే, వేదికమీద చూపించే క్లిప్పులు ఎప్పుడూ అవే. ఆకుపచ్చ వెలుగు, బూడిదరంగు సూటు.

ఆ సూటు లేకుండా ఆమె ఏం చేయగలదో చూడాలంటే 'మిడిల్ ఆఫ్ ది నైట్' ఉంది. 1959లో డెల్బర్ట్ మాన్ తీశాడు, ప్యాడీ చయెఫ్‌స్కీ రాశాడు, కాన్ చిత్రోత్సవం పోటీలోకి వెళ్లింది. న్యూయార్క్‌లో దుస్తుల కంపెనీ నడిపే, భార్య పోయిన యాభైల్లోని మనిషిగా ఫ్రెడ్రిక్ మార్చ్. ఆయన ఆఫీసులోనే రిసెప్షనిస్టుగా, విడాకులు తీసుకున్న ఇరవై నాలుగేళ్ల బెట్టీగా నోవాక్. నలుపు తెలుపు సినిమా, గ్లామర్ ఏమీ లేదు. బెట్టీ మాట మొదలుపెట్టి మధ్యలో ఆపేస్తుంది, చెప్పిందాన్ని వెనక్కి తీసుకుంటుంది, ముక్కు తుడుచుకుంటుంది, తనకేం కావాలో తనకే తెలియక చికాకుపడుతుంది. మార్చ్ రంగస్థలంమీద పండిన నటుడు, ఆస్కార్లు రెండున్నవాడు. ఆయన ప్రతి వాక్యాన్నీ చెక్కినట్టు పలుకుతుంటే, ఆమె తడబాటే పక్కన ఎక్కువ నిజంగా వినిపిస్తుంది. తను చేసినవాటిలో ఇష్టమైన సినిమాల్లో ఇదొకటని ఆమే చెప్పింది. ఆ సినిమా అప్పుడు ఆడలేదు. ఆడి ఉంటే స్టూడియోలు ఆమెకు పంపే పాత్రలు వేరుగా ఉండేవి, 1960ల్లో అన్నేళ్లు వృథా అయ్యేవి కావు. ఆమెను 'వెర్టిగో'తోనే కొలిచేవాళ్లు ముందుగా చూడాల్సింది దీన్నే.